బయటి బీగం

3 మే 1943, సోమవారం
ఈయన షిఫ్టుకు వెళ్తూ బయట బీగం వేశారు. కొళాయి దగ్గర ఎవరినో చూసి నవ్వానట. నేను పుట్టింటికి పోయానని వీధిలో చెప్పారు. కాబట్టి పగలు రుబ్బకూడదు, దగ్గకూడదు. పెళ్లయిన కొత్తలో ఈ అనుమానాన్నే ప్రేమ అనుకుని మురిసిపోయాను. ఛీ, నా బుద్ధి తగలెయ్య!

5 మే
యుద్ధ విమానాలు వస్తే దాక్కోవడానికని సైరన్ ప్రాక్టీసు. వీధంతా బయటికి పరుగెత్తింది. నేను మంచం కింద.
గోడ అవతల పక్కింటి పాపక్క, పాపం ఆయప్పే నీళ్లు మోసుకుంటా ఉండాడు, ఎంత మంచోడమ్మా అని ఈయన గురించి ఎవరితోనో అంది.

7 మే, మధ్యాహ్నం
పెంకులు తీసి ఒకడు లోపలికి దిగాడు. బీగం చూసి ఖాళీ ఇల్లు అనుకున్నాడు. నన్ను చూసి ముందు వాడే హడలిపోయాడు. తర్వాత కత్తి తీశాడు.
గోడ అవతల పాపక్క బియ్యం చెరుగుతోంది. ఒక్క కేక వేస్తే చాలు. వేయలేదు. కత్తికి భయపడి కాదు. జనం వస్తే బీగం చూస్తారు, ఇంటి గుట్టు వీధిన పడుతుంది. దానికంటే కత్తే నయమనిపించింది.
గాజులు లాక్కున్నాడు. తలుపు గుంజి చూశాడు, రాలేదు. నిన్ను ఈడ పెట్టి బీగం యేసిండేది ఎవరమ్మా అని అడిగాడు. దొంగ ముందు తల దించుకున్నాను. వాడు వచ్చిన దారినే ఎక్కిపోయాడు.

అదే రోజు, దీపాలు పెట్టాక
జరిగిందంతా చెప్పాను. గాజుల సంగతి ఈయన అడగలేదు. ఎక్కడెక్కడ ముట్టుకున్నాడో చూపించమన్నారు. దీపం దగ్గరికి తెచ్చి ఒళ్లంతా వెతికారు. ఎందుకు అరవలేదు, ఇష్టమయ్యిందా అన్నారు. ఆ తర్వాత పక్కలోకి రమ్మన్నారు.
వెళ్లాను. ఇది రాయడానికి కూడా సిగ్గుగా ఉంది.

9 మే
పెంకులు సరిచేశారు. రేపటి నుంచి నన్ను లోపలి గదిలో పెట్టి, దానికీ బీగం వేస్తారట. నీ మంచికే అన్నారు.

10 మే
ఈ రోజు ఇంట్లో ఏ దొంగా లేడు. గొంతు పగిలేలా అరిచాను. వీధివాళ్లు వాకిలి బీగం పగలగొడుతున్నారు. సిగ్గుతో చచ్చిపోతున్నాను. లోపల ఎవరుండేది అని పాపక్క కేకేసింది.
నేనే అక్కా, ఇంట్లోనే ఉన్నాను అన్నాను.