చేతికి కట్టున్న మూడు నెలలు

కడప,
జూన్ 9

నా మాట వినకపోయినా నా కాగితం చదివే నాయనకు,

ఫోన్ చేస్తే "సరేలే, పెట్టెయ్" అంటావు. అందుకే ఉత్తరం. అచ్చులోనైనా చేతిరాతలోనైనా కాగితం మీద ఉన్నది ఏదైనా నువ్వు రెండుసార్లు చదువుతావు. ఎన్నికలప్పుడు పంచిన పాంప్లెట్‌ను కూడా అద్దాలు తుడుచుకుని చదవడం చూశాను. దీన్నీ అట్లాగే చదువు.

నేను నీ జీవితచరిత్ర రాయడం సగంలో ఆపేశానని నువ్వు అన్న మాట అమ్మ చెప్పింది. "నాలుగక్షరాలు వచ్చేసరికి పాపకు మగ్గమిల్లు నామోషీ అయిపాయ. నేతోని కూతురని అచ్చులో చూసుకోను సిగ్గుపడతాంది." వీరేంద్రన్న ఇంకో మెట్టెక్కి, "అదేం కాదు నాయనా, పెండ్లి మాట ఎత్తినామని అలిగింది" అన్నాడంట. ఇద్దరూ తప్పే చదివారు. ఇరవై ఏడేళ్ళుగా మన ఇంట్లో నన్ను ఇట్లాగే చదువుతున్నారు. మాట్లాడకపోతే పొగరు, మాట్లాడితే చదువు తలకెక్కింది, నవ్వితే ఎగతాళి, నవ్వకపోతే అలక. చదివేవాళ్ళకే చదవడం రాకపోతే పుస్తకం ఏం చేస్తుంది?

సిగ్గే అయితే ఈ వేసవిలో నలభై రోజులు నీ మగ్గం గుంట గట్టున కూర్చుని నీ మాటలు ఫోన్‌లో ఎందుకు పట్టుకుంటాను? ఎనిమిది అధ్యాయాలు రాశాను. పదమూడేళ్ళ వయసులో పొద్దుటూరు నుంచి నూలు మూట సైకిల్ మీద తెస్తూ వానకు పశువుల కొట్టంలో దూరి, నీ చొక్కా విప్పి మూట మీద కప్పిన కథ చదివి వినిపిస్తే నువ్వు ముక్కు ఎగబీల్చి "దుమ్ము" అన్నావు. ఆ రోజు ఇంట్లో దుమ్ము లేదు నాయనా. ఆ అధ్యాయం రాసినందుకు నాకు ఇప్పటికీ గర్వమే.

అసలీ పుస్తకం ఆలోచన మన నేతగాళ్ళ సొసైటీ ప్రెసిడెంటు దాసన్న మామది. యూనివర్సిటీలో నేను అమెరికా సాహిత్యంలో ఆత్మకథల మీద, జీవితచరిత్రల మీద పరిశోధన చేస్తున్నానని తెలిసి, మన వసారాలో టీ తాగుతూ, "అమెరికావోళ్ళ బతుకులు చదివి డాక్టరైతావంట గదమ్మే! మా బతుకులు చదివితే కాంపౌండరన్నా కావా?" అన్నాడు. నువ్వు పడీ పడీ నవ్వావు. ఆ నవ్వులోనే తేలింది, సొసైటీ యాభై ఏళ్ళ పండగకు నీ పుస్తకం రావాలని. "నేను" అని నీ మాటగా ఉండాలి, రాసేది నేను, ముందుమాట దాసన్న మామది. నేను సంతోషంగానే ఒప్పుకున్నాను.

తొమ్మిదో అధ్యాయం దగ్గర ఆగాను. ఆ చీర గురించి. తొంభై ఆరులో మొదటి బహుమతి తెచ్చిన ఎర్రచీర, మామిడి పిందెల అంచు, సొసైటీ హాల్లో అద్దం వెనక నీ పేరుతో వేలాడుతున్నది. "ఎప్పుడు మొదలుపెట్టావు నాయనా?" అని అడిగాను. "శ్రావణంలో. దసరాకు మగ్గం మీంచి కోసి దించినా" అన్నావు. వంటింట్లోంచి అమ్మ, "శ్రావణంలో యాడ నేసినావు? బస్సు టాపు మీద నుంచి నూలు దించుతా పడి, చెయ్యి ఇరిగి పుత్తూరు కట్టు కట్టించుకోని మూడు నెలలు గోడకానుకోని కూచోలేదా? అన్నం గూడా నేనే కలిపి పెడితిని గదప్పా!" అంది. నువ్వు "నీకు తెలీదులే, ఊరకుండు" అన్నావు. తర్వాత నాతో, "అది ఆపు" అన్నావు. ఫోన్ ఆపాను.

గది మూలలో నీ అక్క రామసుబ్బమ్మత్త నూలు కండెలు చుడుతూ ఉంది. రాట్నం ఒక్క క్షణం కూడా ఆగలేదు. నాకు అదే అనుమానం. ఆ మాట వింటే ఎవరి చెయ్యైనా ఆగాలి కదా.

మర్నాడు అత్తను అడిగాను. "ఎవురు నేస్తే ఏమే? చీర చినిగిపాయనా?" అంది. వదల్లేదు నేను. చివరికి చెప్పింది. "మన ఇంట్లో ఆడోళ్ళు గుంటలో కాళ్ళు దించి మగ్గం తొక్కగూడదని మా అబ్బ పెట్టిన కట్టుబాటు. అందుకని తలుపేసుకోని కాళ్ళు దించి నేసినా."

నేను ఆగింది ఇక్కడ. "ఆ చీర నేను నేశాను" అనే వాక్యం నీ గొంతుతో, నా చేత్తో రాయాలి. నా చెయ్యి ఒప్పుకోలేదు.

నేను చదివే ఆ అమెరికాలో, బానిసత్వం నుంచి బయటపడ్డవాళ్ళు తమ కథ తాము రాసుకుంటే, పుస్తకం మొదట్లో తెల్లవాళ్ళ ఉత్తరాలు అచ్చేసేవాళ్ళు. ఈ మనిషి ఉన్నమాట నిజం, ఇది తన చేత్తోనే రాసింది, మేం ఎరుగుదుం అని. నిజం చెప్పినా ఎవరూ నమ్మరని అంత సాక్ష్యం. మన పుస్తకానికీ సాక్షి ఉన్నాడు, దాసన్న మామ. ఎవరూ అనుమానించని అబద్ధానికి సాక్షి. వాళ్ళది చదివినప్పుడు నాకు కోపం వచ్చింది. మనది తలుచుకుంటే సిగ్గు వేసింది. నాకు సిగ్గని నువ్వన్నది నిజమే, కానీ మగ్గాన్ని చూసి కాదు.

అత్తను ఆ ఒక్క అధ్యాయంలోకి రానివ్వు. మిగతావన్నీ నీ ఇష్టప్రకారం రాస్తాను.

నీ
భువన

——

కడప,
జూన్ 27

ఇంకొకరి చేతిరాతలో జవాబిచ్చిన నాయనకు,

అక్షరాలు వీరేంద్రన్నవి, మాటలు మాత్రం నీవే. "మగ్గం ఎవురిదో చీర వాళ్ళది" అనే మాట రాసేటప్పుడు అన్న పెన్ను గట్టిగా నొక్కాడు, కాగితం వెనకకు దిగింది.

నీ వాదన చిన్నదనుకోవడం లేదు. మన వీధిలో అదే రివాజు. ఇంట్లో ఎవరు నేసినా ఇంటి పెద్ద పేరునే పోతుంది. "మా నాయన నేసినవన్నీ మా అబ్బ పేరున పాయ. నేను నేసినవి ఇరవై ఏండ్లు మా నాయన పేరున పాయ. నేనేమన్నా పంచాయితీ పెట్టినానా? అక్క వేరు, నేను వేరా?" అని రాయించావు. మూడుసార్లు చదివాను. అబద్ధమాడుతున్నానని నువ్వు అనుకోవడం లేదని అప్పుడు అర్థమైంది. ఇది తెలియక మొదటి ఉత్తరంలో నిన్ను దొంగలా నిలబెట్టాను.

కానీ నాయనా, అబ్బ పోయాక పేరు మీ నాయనకు వచ్చింది. మీ నాయన పోయాక నీకు వచ్చింది. నీ తర్వాత వీరేంద్రన్నకు వస్తుంది, వాడు మగ్గం మీద కూర్చోకపోయినా, చీరలు ఫోన్‌లో ఫొటోలు పెట్టి అమ్ముకునేవాడైనా సరే. అత్త వంతు ఎప్పుడొస్తుంది? అరవై ఏడేళ్ళు వచ్చాయి ఆమెకు. వరసలో నిలబడిందన్న సంగతే ఎవరికీ తెలియని మనిషికి వంతు ఎట్లా వస్తుంది?

ఎనిమిదేళ్ళ కిందట అత్త సొసైటీకి పోయింది, నేతగత్తెగా సభ్యత్వం రాయమని. గుర్తుందా? నేను అప్పుడు డిగ్రీలో ఉన్నాను, ఆమెకు తోడు పోయింది నేనే. దాసన్న మామ రిజిస్టరు తెరవకుండానే, "నువ్వు నేసినట్టు ఎవురు చూసినారు, రామసుబ్బక్కా?" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. తలుపేసుకుని నేసిన మనిషిని ఎవరు చూస్తారు? మగ్గం చప్పుడు వీధంతా విన్నది, చూసినవాళ్ళు లేరు. పక్క కుర్చీలో నువ్వున్నావు. నువ్వు చూశావు. గోడకు ఆనుకుని మూడు నెలలు చూసింది నువ్వొక్కడివే. ఆ రోజు నువ్వు నీ చెప్పుల వైపు చూస్తూ కూర్చున్నావు. అప్పుడు నాకు సంగతి తెలియదు. నాయనకు కాలినొప్పేమో అనుకున్నాను.

అత్త ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కుని రాట్నం ముందు కూర్చుంది.

పుస్తకం వస్తే చీర నువ్వే నేశావన్న మాట అచ్చులో నిలబడిపోతుంది. ఇప్పుడు చూసినవాళ్ళు లేరు అంటున్నారు, రేపు చదివినవాళ్ళున్నారు అంటారు. "రాయకుంటే మళ్ళ ఈ గడప తొక్కొద్దు" అని చివర్లో రాయించావు. అన్న అక్కడ మాత్రం పెన్ను నొక్కలేదు. పాపం, వాడికి నేను కావాలి. నాకూ మీరు కావాలి. అయినా రాయను.

ఇంకో సంగతి దాచడం నాకు చేతకాదు. అత్త కథను అత్త మాటగా, "నేను" అని, నేనే రాయడం మొదలుపెట్టాను. మూడు అధ్యాయాలయ్యాయి. బాగా వస్తున్నది. చదివితే నువ్వు కూడా ఏడుస్తావు.

నీ కూతురు,
భువన

——

కడప,
జూలై 14

నాయనా,

అత్త మహానందికి పోతున్నానని చెప్పి వచ్చింది కదా. మహానందికి పోలేదు. ఎర్రగుంట్లలో రైలెక్కి నా దగ్గరికి వచ్చింది. సంచిలో జొన్నరొట్టెలు, చెనక్కాయల పొడి. మంచం మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని, "యాడ, నా బతుకు చదువు" అంది. నేను రాస్తున్నానని వీరేంద్రన్న చెప్పాడంట.

చదివాను. మంచి చోటే ఎంచుకుని మొదలుపెట్టాను. "నా కన్నీళ్ళు ఎర్ర పడుగు మీద రాలుతుంటే, మూసిన తలుపుల వెనక, పేరు లేని నా చేతులు నాడెను తోస్తూనే ఉన్నాయి" అని. నాలుగు రోజులు కష్టపడి తెచ్చిన వాక్యం అది.

అత్త రొట్టె నమలడం ఆపింది. "ఎవురే ఈమె?"

"నువ్వే అత్తా."

"నేను యాడ ఏడ్చినా? పడుగు మీద కండ్లనీళ్ళు పడితే గంజి పోతాది, పోగులు తెగుతాయి. తెలీదా నీకు? మగ్గమింట్లో పుట్టి ఏం చూసినావే నువ్వు?"

ఆమెకు నవ్వొచ్చింది. మోకాలు కొట్టుకుంటూ నవ్వింది. "ఒసే పిచ్చిదానా, నా బతుకులో ఆ మూడు నెలలే శానా బాగున్నింది. మీ నాయన చెయ్యి ఇరిగిందని పైకి అయ్యో అన్నా. లోపల్లోపల దేవునికి టెంకాయ మొక్కుకున్నా, నిదానంగా అతుక్కోనీ సామీ అని! పిల్లప్పట్నుంచి కండెలు చుట్టీ చుట్టీ ఈ నూలంతా యాడికి పోతాదా అనుకుంటాంటి. గుంటలో కాళ్ళు దించినాక తెలిసింది."

ఇంకా చెప్పింది. నువ్వు కట్టు కట్టిన చెయ్యి ఒళ్ళో పెట్టుకుని కూర్చుని, అంచు తప్పినప్పుడల్లా "అక్కా, రెండు పోగులు ఎనక్కి తియ్" అనేవాడివంట. మధ్యలో ఊరి కబుర్లు చెప్పి నవ్వించేవాడివంట. "నా తమ్ముడు నాతో అంత మాట్లాడింది ముందూ లేదు, ఎనకా లేదు" అంది. పిందె వంకర తిప్పింది తన ఆలోచన అని చెప్పినప్పుడు మాత్రం గొంతు కొంచెం పెంచింది. "అది వాంది కాదు. వాడు నిలువుగా ఉండనీ అన్యాడు. నేను ఇన్లా."

తర్వాత నా వైపు చూసి, నువ్వు చూసినట్టే, కింది నుంచి పైకి చూసి అంది: "మీ నాయనేమో 'నేను నేసినా' అంటాడు. నువ్వేమో 'అత్త ఏడ్చింది' అంటాండావు. ఇద్దురూ నన్ను అడగలా."

నాయనా, ఆ మాటకు నా చదువంతా నేల మీద పడింది. అమెరికాలో ఆదివాసులు తమ బతుకు తమ భాషలో చెబితే, ఒకరు దాన్ని ఇంగ్లీషు చేసి, ఇంకొకరు రాసుకుని, తనకు నచ్చినట్టు దిద్ది, చివరికి "నేను" అని అచ్చేసిన పుస్తకాలున్నాయి. ఆ దిద్దిన చేతుల మీద అరవై పేజీల అధ్యాయం రాసినదాన్ని నేను. ఎంత కోపంగా రాశానో! ఆ కోపంతోనే వచ్చి అత్త నోట్లో నా ఏడుపు పెట్టాను. నువ్వు ఆమె చీర తీసుకున్నావు. నేను ఆమె సంతోషం తీసుకోబోయాను. ఏది పెద్ద దొంగతనమో నాకింకా తేలలేదు.

ఆ మూడు అధ్యాయాలు అత్త ముందే చించేశాను. ఆమె ఆపలేదు. "కాగితం ఒకపక్క ఖాళీగా ఉండాదే, పారేయబాక" అని మాత్రం అంది.

అయిదు రోజులుంది నా దగ్గర. ఫోన్ మధ్యలో పెట్టుకుని మాట్లాడింది. నేను ప్రశ్నలడగడం తగ్గించాను. ఆమె చెప్పింది చెప్పినట్టు, ఉండాది అంటే ఉండాది అనే, ముందుది వెనక చెబితే వెనకే రాశాను. ప్రతి సాయంత్రం చదివి వినిపించాను. నాలుగు చోట్ల "ఇది నా మాట గాదు" అని తీయించింది. ఒక చోట నిన్ను మరీ మంచివాణ్ణి చేశానని తిట్టింది. ఇంకో చోట మరీ చెడ్డవాణ్ణి చేశానని తిట్టింది. రెండూ దిద్దాను.

నీ పుస్తకంలో చోటు కావాలా అత్తా అని అడిగాను. "వాని పుస్తకం వాందే. దాంట్లో దూరి నేనేం జేసేది? నా పేరు పైన ఎయ్యి. పెద్దచ్చరాలు. నాకు అద్దాలు లేకపోయినా కనపడాల" అంది.

అత్త రేపు పొద్దున బండికి ఇంటికొస్తుంది. మహానంది ప్రసాదం తేలేదని అడగొద్దు. ఏమన్నా అడగాలంటే ఆ మూడు నెలల గురించే అడుగు. ఆమె చెబుతుంది. ఆ గదిలో ఉన్నది మీ ఇద్దరే.

ఈ ఉత్తరంతోపాటు నీ ఎనిమిది అధ్యాయాలు అత్త చేతికే ఇచ్చి పంపుతున్నాను. అవి నీవి, ఒక్క మాట కూడా మార్చలేదు. తొమ్మిదోది నేను రాయను. ఇంకెవరి చేతనైనా రాయించుకో, లేదా నువ్వే రాసుకో. అత్త పుస్తకం అక్టోబరులో కడపలో అచ్చవుతుంది. "ఆ ఎర్రచీర నేను నేసినా" అని అందులో అత్త చెబుతుంది.

భువన