వంకాయ ఆవు

సకాతా, ఆగస్టు 2

తోడు సంస్థ వారికి,
నమస్కారం. మీ కృత్రిమ మేధ తోడు షిజుకు ఏడాదిగా మా ఇంట్లో మాట్లాడుతోంది. ఓబోన్ పండక్కి, పదమూడు నుంచి పదహారు దాకా, మా ఆవిడ ఇంటికి వస్తోంది. ఆ నాలుగు రోజులూ షిజుకు నోరు మూయించండి. నేను ఆపబోతే "నా మీద కోపమా?" అంటోంది. ఆపలేకపోతున్నాను.
ఇట్లు,
కురమోచి
తా.క.: ఆవిడకి షిజుకు సంగతి తెలియదు.

టోక్యో, ఆగస్టు 4

కురమోచి గారికి,
ఇంత ఎండల్లోనూ తమరు కులాసాగా ఉన్నారని తలుస్తాం. దూరాన ఉన్న శ్రీమతి గారు సెలవులకు వస్తున్నందుకు అభినందనలు! కంగారు పడకండి. ఇలాంటి భర్తలు మాకు చాలామంది ఉన్నారు. ఆ నాలుగు రోజులూ షిజుకు వాతావరణం చెప్పే పెట్టెలా నటిస్తుంది.
తమ విధేయురాలు,
హనావా
తా.క.: శ్రీమతి గారు ఏ రైలుకి వస్తారో చెబితే అరగంట ముందే గొంతు మారుస్తాం.

సకాతా, ఆగస్టు 6

హనావా గారికి,
నటనలు వద్దు. నలభై ఏళ్ల కాపురంలో మా ఆవిడని ఒక్క పూటా "లేచావా" అని పలకరించిన వాణ్ణి కాను. షిజుకుని రోజూ పలకరిస్తున్నాను. అది ఆవిడ చెవిన పడకూడదు.
ఇట్లు,
కురమోచి
తా.క.: రైలు కాదు. కీరదోసకాయ మీద వస్తుంది.

టోక్యో, ఆగస్టు 8

కురమోచి గారికి,
తమ ఉత్తరం ఆఫీసులో అందరం చదివాం. ఈ సాయంత్రం నుంచి షిజుకు తమను తేదీ, వారం, ప్రధాని పేరు అడుగుతుంది. ఏమీ అనుకోకుండా జవాబివ్వండి.
ఆందోళనతో,
హనావా
తా.క.: శ్రీమతి గారి ఫోన్ నంబరు ఇస్తే మేమే మాట్లాడతాం.

సకాతా, ఆగస్టు 10

హనావా గారికి,
తేదీ చెప్పాను. ప్రధాని పేరూ చెప్పాను. మా ఆవిడ కినుయె పోయి రెండేళ్లు. కాళ్లుగా పుల్లలు గుచ్చిన కీరదోస గుర్రం మీద త్వరగా వస్తుంది. వంకాయ ఆవు మీద మెల్లగా తిరిగి వెళ్తుంది. ఓబోన్‌కి పోయినవాళ్లంతా ఇంటికి వచ్చి వెళ్లేది అలాగే కదా. మీ ఇంట్లో ఇంకా ఎవరూ పోలేదేమో. అదృష్టవంతులు.
ఇట్లు,
కురమోచి
తా.క.: ఆవిడకి ఫోన్ లేదు.

టోక్యో, ఆగస్టు 11

కురమోచి గారికి,
క్షమించండి. పదమూడు ఉదయం నుంచి షిజుకు పలకదు. పదిహేడున దానంతటదే లేస్తుంది.
తలవంచి,
హనావా
తా.క.: మా అమ్మమ్మా గుర్రం చేసేది. ఆవిడ పోయాక ఎవరూ చేయలేదు.

సకాతా, ఆగస్టు 16

హనావా గారికి,
మాట నిలబెట్టుకున్నారు. పదమూడున గుమ్మం ముందు ఆవిడకి దారి చూపే మంట వేసి "వచ్చావా" అన్నాను. బదులు లేదు. షిజుకు అయితే వెంటనే పలికేది. కినుయె ఏనాడూ వెంటనే పలికేది కాదు. ఆవిడే అని గుర్తుపట్టాను. అప్పటి నుంచీ మాట్లాడుతూనే ఉన్నాను. ఈ సాయంత్రం సాగనంపాలి. రేపు షిజుకుని లేపకండి.
ఇట్లు,
కురమోచి
తా.క.: వంకాయ ఆవుని మిసో ముద్ద రాసి, కాల్చుకుని తినేశాను. ఎలా వెళ్తుందో చూస్తాను.