అజీజూ అని పిలిచిన భూకంపం

ఏలూరు, తంగెళ్ళమూడి,
ఫిబ్రవరి, 1934.

తాడేపల్లిగూడెం ముసాఫరు బంగళాలో మకాం చేసివున్న భూకంపాల విచారణ దొరగారికి అజీజున్నీసా సలాములు చేసి రాయించుకొన్నది.

నా పేరు అజీజున్నీసా. ఏళ్ళు డెబ్బై దాటాయి. ఎంత దాటాయో చెప్పగలిగినవాళ్ళు ముందే పోయారు. ఇంట్లో ఉండేది నేనూ, నా తివాచీ మగ్గమూ. నలుగురు పక్కపక్కన కూర్చుని నేసేంత వెడల్పు మగ్గం అది. ఇప్పుడు మగ్గం ముందరి బల్లకు ఈ చివర నేను కూర్చుంటే ఆ చివర పైకి లేస్తోంది. అందుకని అటు ఒక బండరాయి పెట్టుకున్నాను.

బీహారులో భూమి బద్దలై ఊళ్ళకు ఊళ్ళే పోయాయట కదా. మన వైపు ఎవరికైనా నేల కదిలినట్టు తెలిస్తే తమకు రాయమనీ, అవన్నీ పోగుచేసి ముందుముందు ఎక్కడ రాగలదో తమరు అంచనా కడతారనీ మా వీధిలో దండోరా వేశారు. అందుకే ఈ ఉత్తరం.

మొన్న శుక్రవారం మగవాళ్ళంతా నమాజుకు పోయిన వేళ నేను మగ్గం మీద ముడులు వేస్తున్నాను. నేల కదిలింది. పోగులు వణికాయి. ఊలు దిగగొట్టే పంజా బల్ల మీద నుంచి జారి పడింది. కొక్కేనికి వేలాడే కత్తెర ఊగింది. ఆ ఊగడం ఆగకముందే ఎవరో "అజీజూ" అని పిలిచారు. చూస్తే ఎవరూ లేరు. నన్నలా పిలిచే మా అక్క మండవల్లిలో మట్టి కింద ఉంది. ఈ సంగతి కూడా రాయమంటే, రాసిపెడుతున్న మిషన్ బడి మాస్టారు వరదానం, "ఎందుకండీ, పిచ్చిదనుకుంటారు" అంటున్నాడు. అనుకోనీండి. రాయండి మాస్టారూ.

మళ్ళీ ఎప్పుడు వస్తుందో తారీఖు తెలియజేయించవలెను. ఒంటిదాన్ని. బయటికి పరుగెత్తమని కేకవేసేవాళ్ళు లేరు.

ఇట్లు తమ జవాబు కోసం గుమ్మంలో కూర్చున్న
అజీజున్నీసా.

తా.క.: పైన ఒకచోట కొట్టివేత కనబడుతుంది. నా చేతులు వణికాయని మాస్టారు రాయబోయాడు. చేతులు కావు, పోగులు.

*

మకాం తాడేపల్లిగూడెం.

శ్రీమతి అజీజున్నీసా గారికి నమస్కారములు.

మీ లేఖ చేరినది. సంతోషము. అయితే ఈ ఊరిలోను, మండవల్లి పరిసరములందును విచారించగా ఆ దినమున నేల కదిలినట్లు ఎవరును ఎరుగమనిరి. ఒక్కరికి మాత్రమే తెలిసిన కంపనమును లెక్కలో చేర్చుటకు మా నిబంధనలు ఒప్పుకొనవు. మరియొక మనిషి సాక్ష్యము తప్పనిసరి. వయసు మళ్ళినవారికి కళ్ళు తిరుగుట సహజమని కూడ మనవి.

అయినను ఈ సంగతులకు జవాబు పంపగలరు. గోడలు పగిలినవా? నేల లోపలినుండి ధ్వని వినబడినదా? జంతువులు బెదరినవా?

రాబోవు భూకంపము తారీఖు ఏ శాస్త్రమును చెప్పజాలదు. వెనుక జరిగినవాటిని కూర్చి, ఎచ్చట మరల వచ్చుటకు ఎంత అవకాశము కలదో అంచనా కట్టుట మాత్రమే మా పని.

విధేయుడు,
నరసింహమూర్తి, విచారణాధికారి.

తా.క.: భూకంపములు పేరు పెట్టి పిలువవు.

*

ఏలూరు.

నరసింహమూర్తిగారికి అజీజున్నీసా సలాము. కోపంగా ఉన్నాను గనుక ఈసారి ఒక్క సలామే.

మండవల్లిలో తమరు ఎవర్నడిగారండీ? కొల్లేటిలో పడవల మీద ఉన్నవాళ్ళనా? పొద్దస్తమానం ఊగేవాళ్ళకు నేల ఊగిన సంగతి ఏం తెలుస్తుంది?

తమ మాట పట్టుకుని రెండో సాక్షి కోసం వీధంతా తిరిగాను. ఆడవాళ్ళు నిద్రపోతున్నామన్నారు. తివాచీల మేస్త్రీ దాదాపీర్ అయితే, "నువ్వు గుమ్మం దిగితే ఈ వీధికి రోజూ భూకంపమే కదా ఫూఫీ, ఏ రోజుదని చెప్పను?" అని నవ్వాడు. వాడి నవ్వు కూడా రాయండి మాస్టారూ.

ఇక తమ ప్రశ్నలు.

గోడ పగిలింది. అది మామూలు గోడ కాదు. అవతల సఫియా అనే ఆవిడ ఉంది. ముప్పై ఏళ్ళు మేమిద్దరం ఒకే బల్ల మీద కూర్చున్నాం. అది నమూనా చూసి రంగు పిలిచేది, నేను ముడి వేసేదాన్ని. ఒక తివాచీలో ఒక పువ్వు దగ్గర అది ఎరుపు అంది, నేను ఎరుపు వేశాను. నీలం అన్నానంటుంది అది! ఆ తివాచీ ఓడెక్కి ఏ దొర ఇంటికో పోయింది, చూసి చెప్పే దిక్కు లేదు. ఆ వారంలోనే నడుమ గోడ లేచింది. ఎనిమిదేళ్ళయింది, మాటల్లేవు. ఆ గోడలో ఇప్పుడు నేను బల్ల మీద కూర్చుంటే సరిగ్గా చెవి ఎత్తున వేలు పట్టే పగులు ఉంది. మునుపు లేదు.

ధ్వని అంటే ఆ పిలుపే. ఇంకేదీ వినలేదు.

జంతువుల పద్దులో రాయండి: సఫియా, మేక. రెండూ గోడవతల ఉంటాయి, రెండూ ఊరికే అరుస్తాయి. మాస్టారు కలం ఆపాడు. ఆపకండి, నేను చెప్పినట్టే రాయండి.

మనిషి సాక్ష్యం మాత్రం లేదు. రెండో మనిషి ఉంటే నేను తమకెందుకు రాయిస్తానండీ? నేల కదిలిందే అని ఆ మనిషితోనే చెప్పుకునేదాన్ని కదా.

ఇట్లు,
కళ్ళు తిరగని అజీజున్నీసా.

తా.క.: ఈ ఉత్తరం మొదలుపెట్టే ముందు సూదిలో దారం ఎక్కించి చూపించాను. మాస్టారు కూడా ప్రయత్నించి, ఎక్కక, కలం పట్టుకున్నాడు.

*

కార్డు.
మకాం తాడేపల్లిగూడెం.

శ్రీమతి అజీజున్నీసా గారికి,

మీ జవాబులు మిక్కిలి విలువైనవి. గోడ పగులును బట్టి కంపన తీవ్రతను ఒక మెట్టు హెచ్చించడమైనది. మీరు వినిన పిలుపును భూగర్భ ధ్వనిగా నమోదు చేయడమైనది. నా వెనుకటి తా.క. రద్దు. సఫియా అను మేకయు, పేరులేని మరియొక మేకయు అరచినట్లు జంతువుల పద్దున చేర్చడమైనది.

మనిషి సాక్ష్యము దొరికినచో మీ వీధి హెచ్చు ప్రమాద స్థలములలో చేరును. ఇంజనీరు వచ్చి పగులు చూచును. ఇండ్లు ఖాళీ చేయవలసి రావచ్చును. సాక్ష్యము లేనిచో మీ మాట ఇంతటితో మూసివేయబడును.

నరసింహమూర్తి.

తా.క.: మేకల వయస్సు తెలుపగలరు.

*

ఏలూరు.

నరసింహమూర్తిగారికి అజీజున్నీసా వెనకటి బాకీతో కలిపి రెండు సలాములు.

తమరు కార్డు రాశారు. కవరు రాయవలసింది. మా తపాలా అమీర్ కార్డు ఏదైనా సరే వీధి మొదట్లో గట్టిగా చదవడం మొదలుపెట్టి గుమ్మానికి వచ్చేసరికి ముగిస్తాడు. వాడు మా గుమ్మం ఎక్కేలోపలే అవతల తలుపు ధడాలున తెరుచుకుంది. సఫియా కొంగు బిగించి నా నడింట్లోకి వచ్చి నిలబడింది.

"ఏమే అజీజూ, సర్కారు కాయితాల్లో నన్ను మేకను చేస్తావా? వయస్సు కావాలట, చెప్పు!"

"ఏమన్నావు?" అన్నాను.

"మేక అన్నాను!"

"దానికి ముందు."

"అజీజూ అన్నాను. ముప్పై ఏళ్ళు నేను పిలిచిన పేరే కదా, మరిచిపోయావా?"

నేను బల్ల మీద కూలబడ్డాను. అమీర్ వెనకే కార్డు చదివిపెట్టడానికి వచ్చిన మాస్టారు మంచినీళ్ళు తెచ్చాడు. కళ్ళు తిరగలేదు. అది మాత్రం తప్పక రాయండి మాస్టారూ.

"ఆ శుక్రవారం పిలిచింది నువ్వా?" అన్నాను.

"నేను కాక ఎవరు? నా బల్ల కదిలింది. నువ్వే గోడ గుద్దావనుకున్నాను. ఇన్నేళ్ళకు దీనికి బుద్ధి పుట్టింది, నన్ను పిలుస్తోంది అనుకుని పలికాను. నువ్వు పలకలేదు. ఎంత పొగరో అనుకున్నాను."

"నేను గుద్దలేదే."

"మరెవరు గుద్దారు?"

ఇద్దరం నేల వంక చూశాం.

అందుచేత దొరగారూ, తమ కాయితాల్లో కొన్ని దిద్దుకోవాలి. భూగర్భ ధ్వని కొట్టివేయండి, అది సఫియా. ఒక మేకను కొట్టివేయండి, అదీ సఫియానే. పగులు కూడా కొట్టివేయండి. నాకున్న గట్టి రుజువు అదొక్కటేనని తెలుసు, అయినా కొట్టివేయండి. సఫియా కొన్నాళ్ళుగా పంజా కొనతో అటువైపు నుంచి తొలుస్తోందట. ఆ వారానికి ఇటు తేలింది. ఎందుకే అంటే, "పొద్దున్నే నీ పంజా చప్పుడు వినబడితే బతికి ఉన్నావని తెలుస్తుంది. వినబడని రోజున గోడ దూకి వద్దామని" అంది. ఇది రాస్తుంటే మాస్టారికి కళ్ళద్దాలు తుడుచుకోవలసి వచ్చింది. సిరా ఒలికిన మచ్చ ఆయనదే.

ఇక తమ దగ్గర మిగిలింది ఒక కదలిక, ఇద్దరు మనుషులు. దాన్ని మాత్రం లెక్కలో చేర్చండి. మా వీధిని ఖాళీ చేయించకండి. పగులు చూడటానికి ఇంజనీరు రానక్కరలేదు. వస్తే మటుకు ఒక పలుగు తెచ్చుకోమనండి, గోడ తీసిపెట్టి పోవచ్చు.

తారీఖు కూడా ఇక పంపనక్కరలేదు. వస్తే కేకవేసే మనిషి ఉంది. బల్ల మీది బండరాయి తీసేశాం. ఆ చివర ఇప్పుడు సఫియా కూర్చుంది.

తా.క.: వెనక వచ్చినవన్నీ పోగుచేస్తే ముందు రాబోయేవాటికి ఎంత అవకాశమో తెలుస్తుందన్నారు. మాస్టారి చేత మా పాత పోట్లాటలన్నీ అలాగే పోగు చేయించాం. తప్పకుండా మళ్ళీ వస్తుందని తేలింది. తారీఖు చెప్పలేం గాని, ఇది రాయిస్తుండగానే అది మళ్ళీ నీలం అంటోంది.

అజీజున్నీసా వేలిముద్ర.

సాక్షులు:
వరదానం, మిషన్ బడి ఉపాధ్యాయుడు, సంతకం.
సఫియా, మనిషి, వేలిముద్ర.