బొంబాయి ఆట

వనపర్తి, 1941 మార్చి 9

అన్నకు, నీ చెల్లెలు నమస్కరించి రాస్తున్నది.

మీ బావ బొంబాయి పోటీల నుంచి వచ్చి ఎనిమిది రోజులైంది. ఇరవై ఏళ్లుగా గద్వాల, వనపర్తి సంస్థానాల్లో చదరంగంలో ఓటమి ఎరగని మనిషి, అక్కడ ఆరు ఆటలూ ఓడిపోయాడు. వాళ్లది తెల్లదొరల పద్ధతట. మొదటి ఎత్తులో బంటు రెండు గళ్లు దూకుతుందట, రాజూ ఏనుగూ ఒక్కసారే చోటు మారుతాయట. మన దేశీ ఆటలో ఇవేవీ లేవు కదా.

వచ్చినప్పటి నుంచి రోజుకు రెండు ముద్దలైనా తినడం లేదు. బతిమాలితే ఒక్క మాటన్నాడు: "ఇరవై ఏండ్లు నేనాడింది ఏంది మరి? ఆట కాదా?" నిన్న బావి గట్టు మీద లోపలికి కాళ్లు వేలాడేసి కూర్చుంటే నేనూ, పక్కింటి హలీమాబీ చేతులు పట్టి లాక్కొచ్చాం. "జర పిల్లల మొఖం చూడు భాయ్" అని ఆమె ఏడ్చింది.

హైదరాబాదులో మీ కచేరీ గుమాస్తాలు ఆ కొత్త పద్ధతే ఆడతారని రాశావు కదా. సెలవు దొరక్కపోయినా రా. నేర్పుతానని మాత్రం అనకు. చదరంగం పరిచి, ఆ ఎత్తులు నీకు అర్థం కావడం లేదని చెప్పి, కావాలనే తప్పుగా ఆడు. ఎదుటివాడు తప్పు ఆడుతుంటే ఆయన చూస్తూ ఊరుకోలేడు.

నేను రాశానని చెప్పకు.