మైకులోకి వచ్చే మోత

నాన్నా,

కంప్యూటర్‌లో ఆన్‌లైన్ ఆట ఆడుతుంటే నా స్పీకర్ల మోత మైకులోకి వస్తోందని స్నేహితులు విసుక్కునేవారు, గుర్తుందా? హెడ్‌ఫోన్ పెట్టుకుంటే సరిపోయేది. కానీ గూడ్స్ బండి నడిపి వచ్చి నువ్వు నిద్రపోతుంటే, మళ్ళీ డ్యూటీకి పిలవడానికి కాల్‌బాయ్ తలుపు కొట్టడం నాకు వినపడాలి కదా.

నువ్వు పోయాక రైల్వే క్వార్టర్ ఖాళీ చేసి తార్‌బహార్ పేటలో అద్దెకు దిగాం. ఈ రోజు హెడ్‌ఫోన్ పెట్టుకున్నాను.

"అచ్ఛా, ఇప్పుడు సాఫ్‌గా ఉంది," అన్నారు స్నేహితులు.

అమ్మ వచ్చి భుజం తట్టింది. ఒక చెవి మీంచి హెడ్‌ఫోన్ తప్పించాను.

"ఏట్రా, చెవులు మూసీసుకున్నావు? కాల్‌బాయ్ వస్తే..." అంటూ ఆగిపోయింది.

హెడ్‌ఫోన్ తీసేశాను. మోత మళ్ళీ వస్తోందని గోల పెట్టారు వాళ్ళు. ఏం చేసినా పోవడం లేదని చెప్పాను, నాన్నా.