గుడిసెలమిట్ట దిగేవాళ్లు

మన గుడిసెలమిట్టకు బోర్డు వచ్చింది సుజాతా! కారంపూడి రోడ్డు మలుపులో ఈ పొద్దున్నే ఆకుపచ్చ బోర్డు నిలబెట్టారు తల్లీ. ఇప్పటికి ఐదుసార్లు వెళ్లి చూసొచ్చాను. కూర్చుంటే మళ్లీ లేవాలనిపిస్తోంది. ఈ ఉత్తరం కూడా మధ్యమధ్యలో లేచి తిరుగుతూనే రాస్తున్నాను.

మీ తాత నాపరాళ్ల గనిలో పనికొచ్చి మొదటి గుడిసె వేసిన మిట్ట ఇది. నలభై ఇళ్లయినా కాగితాల్లో మాత్రం మనది పక్క ఊరే. పాడు అలవాటు, మన ఊరిని గుర్తించమని పెట్టుకునే అర్జీ మీద కూడా నేను పక్క ఊరి పేరే రాశాను. నువ్వు పగలబడి నవ్వావు.

"ఏంది నాన్నా, మనూరు లేదని మనమే సంతకం పెడతన్నామా?"

దాన్ని కొట్టేసి, నీ చేత్తో గుడిసెలమిట్ట అని రాశావు. ఆ అర్జీ కదిలేలోపే జ్వరం నిన్ను తీసుకుపోయింది. నీ మరణ పత్రంలో కూడా పక్క ఊరి పేరే ఉందమ్మా.

ఇవాళ బోర్డు దగ్గర బస్సు ఆగింది. "గుడిసెలమిట్ట దిగేవాళ్లు!" అని కండక్టరు కేకేశాడు. దిగేవాళ్లు ఒక్కరూ లేరు. నాకు ప్రాణం ఊరుకోలేదు.

"ఉన్నాం నాయనా, చానా మందిమి ఉన్నాం!" అని కిందనుంచి నేనే అరిచాను.

నేను ఫోన్ చేయాల్సినవాళ్లు: నకరికల్లు మేనత్త, రెంటచింతల పెదనాన్న, మాచర్లలో నీ చెల్లెలు.

నువ్వు చెప్పాల్సినవాళ్లు: మీ అమ్మ, మొదటి గుడిసె వేసిన మీ తాత.