ఆయనకి వినిపించింది

మార్చి 4

ఆయనకి చెవి మిషన్ పెట్టించాను. ప్రెస్సులో మోత ఆయన వినికిడిని తినేసి ఏళ్ళయింది. నాకెందుకే, ఇలాగే హాయిగా ఉంది అని మొత్తుకున్నారు. నేనే పట్టుబట్టాను. అరిచి అరిచి నా గొంతు పోతోంది మరి. మిషన్ పెట్టగానే, ఫ్యానుకి ఇంత నోరుందా అన్నారు. డాక్టరు నవ్వాడు. నేనూ నవ్వాను, బుద్ధి లేక.

మార్చి 5

వినపడదన్న ధైర్యంతో నాకో అలవాటు పట్టుకుంది. పనికొచ్చే మాట అరిచి చెప్తాను. కడుపులో మాట నవ్వుతూ, మెల్లిగా అంటాను. అరిచేటప్పుడు మీరు, గొణిగేటప్పుడు నువ్వు. కోడలు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునేది. ఆయన తలూపేవారు.

పొద్దున టీ ఇస్తూ, మింగు, ముసలి దున్నా, కూర్చుని తినడానికే పుట్టావు అనేశాను. ఆయన కప్పు అందుకోలేదు. రోజూ ఇదేనా అనేదానివి అన్నారు.

సాయంత్రం

లేదన్నాను. ఇన్ని మాటలు నేర్చిన నోరు, ఒక్క అబద్ధం అతికినట్టు చెప్పలేకపోయింది.

మార్చి 8

మనవరాలు నా మాటలన్నీ ఆయనకి చెప్పేసింది. నా మెడ తిప్పడంతో సహా చేసి చూపించిందట. ఆయన దాన్ని మెచ్చుకుని, ఇంకా ఏమనేదమ్మా నానమ్మ అని అడిగి అడిగి చెప్పించుకున్నారట. కోడలు ఆపబోతే, ఉండమ్మా, విననీ అన్నారట.

మార్చి 9

సరదాకి అన్నానండీ అన్నాను. నువ్వు నవ్వుతూ అంటుంటే ఏదో ముద్దుగా అంటున్నావనుకున్నానే, అందుకే తలూపేవాణ్ణి అన్నారు.

తిట్టినా బాగుండేది.

మార్చి 11

మిషన్ వెనక్కి తీసుకుంటారా అని డాక్టర్ని అడిగాను. సరిగ్గా పనిచెయ్యట్లేదా మామ్మగారూ అన్నాడు. బ్రహ్మాండంగా చేస్తోంది నాయనా, అదే జబ్బు అన్నాను. తీసుకోరట. తీసుకున్నా, విన్నది అందులోంచి వెనక్కి పోతుందా.

మార్చి 14

కోడలితో, మనవరాలితో గంటల తరబడి కబుర్లు. నేను గదిలోకి వెళ్తే మిషన్ తీసి డబ్బాలో పెడతారు. కోపంగా కాదు. పుస్తకం చదవడం అయిపోయాక కళ్ళజోడు తీసినట్టు, నెమ్మదిగా.

మార్చి 15

నోరు కట్టుకున్నాను. ఇల్లంతా నాకు ఒంట్లో బాగాలేదేమో అనుకుంటోంది.

మార్చి 17

ఆయన చొక్కా బొత్తాం పెడుతూ, మెల్లిగా, నువ్వు కాక నాకెవరున్నారు అన్నాను. నా పెదాలు కదలడం చూసి ముఖం తిప్పుకున్నారు.